లీజిల్ కార్ల్‌ష్టాట్: పక్కవాయిద్యమా, జంట గాత్రమా?

జర్మనీలోని మ్యూనిక్ నగరపు హాస్యజంట కార్ల్ వాలెంటిన్, లీజిల్ కార్ల్‌ష్టాట్‌ల పేరెత్తితే పాత తగవు మళ్ళీ లేస్తుంది. వాళ్ళు ఆడిన నాటికలు ఎవరివి? ఆలోచన అంతా వాలెంటిన్‌దే, కార్ల్‌ష్టాట్ మంచి నటి, అంతే అంటారు ఒక వర్గం. కానీ చాలా సంభాషణలు రిహార్సల్లో ఇద్దరి నోటా పుట్టినవి. వాటిని కాగితం మీద పెట్టింది ఆమె. స్టేజి మీద అతను మాట మరిచిపోతే అందించిందీ ఆమే. దీన్ని పక్కవాయిద్యం అనగలమా?

1911లో ఇద్దరూ కలవడం, నాటికల్లో ఆమె వేసిన మగవేషాలు, ఆ పేరుప్రఖ్యాతులు అందరికీ తెలిసినవే. అసలు మలుపు 1934లో ఉంది. ఆ ఏడాది వాలెంటిన్ వింత వస్తువుల ప్రదర్శనశాల ఒకటి తెరిచాడు. కార్ల్‌ష్టాట్ తాను దాచుకున్న డబ్బు అందులో పెట్టింది. ప్రదర్శనశాల నడవలేదు, డబ్బు తిరిగి రాలేదు. 1935 ఏప్రిల్‌లో ఆమె మ్యూనిక్‌లో పారే ఇజార్ నదిలో దూకింది. ప్రాణం దక్కింది గానీ డిప్రెషన్ ఏళ్ళ తరబడి వదల్లేదు. వాలెంటిన్‌ను వదిలి సొంత దారి పట్టిందని ఆమెను తప్పుపట్టేవాళ్ళు ఈ సంగతిని ఒక్క వాక్యంలో దాటేస్తారు.

1941లో కోలుకోడానికి ఆస్ట్రియా టిరోల్ ప్రాంతంలోని ఎర్వాల్డ్ కొండకు వెళ్ళింది. అక్కడ సైనికుల దగ్గరున్న కంచరగాడిదలను చూసి ఉండిపోయింది. గుస్టావ్ అన్న పేరుతో, యూనిఫాం వేసుకుని, వాటికి మేత వేస్తూ దాదాపు రెండేళ్ళు గడిపింది. అది హిట్లర్ సైన్యపు యూనిఫామే, ఆ మాట దాచకూడదు. అయితే ఆమెను మళ్ళీ మనిషిని చేసింది మాత్రం ఆ మూగజీవాలే.

1948లో వాలెంటిన్ పోయాడు. 1950 నుంచి జర్మనీలో 'హైమాట్' సినిమాల వరద. హైమాట్ అంటే పుట్టిన నేల. కొండలు, పల్లెలు, చర్చి గంటలు, చివర్లో పెళ్ళి. బాంబులకు కూలిన ఊళ్ళ జనానికి అదో ఊరట. అలాంటి సినిమాల కాలంలో కార్ల్‌ష్టాట్ క్యారెక్టర్ ఆర్టిస్టుగా స్థిరపడింది. తర్వాత హాలీవుడ్ 'సౌండ్ ఆఫ్ మ్యూజిక్'గా తీసిన కథే 1956లో 'ట్రాప్ కుటుంబం'గా వస్తే, అందులో ఆమెది సన్యాసిని వేషం. అదే ఏడాది నవంబర్ 3న జర్మన్ టీవీలో మొట్టమొదటి వాణిజ్య ప్రకటన ప్రసారమైంది. హోటల్లో భోజనం చేస్తూ మొగుడు తెల్లటి టేబుల్ గుడ్డ మీద మరక చేస్తాడు, పెళ్ళాం గదమాయిస్తుంది. ఆ పెళ్ళాం ఆమే. పెర్సిల్ సబ్బుపొడి యాడ్ అది.

చిన్న వేషాలని తీసిపారేస్తారు. నేనలా అనుకోను. ఎవరికీ పక్కన నిలబడకుండా, తన యాసతో, తన పేరుతో సంపాదించుకున్న తిండి అది.

1959లో మ్యూనిక్ పాత నగరద్వారమైన ఇజార్ ద్వారం బురుజుల్లో ఈ హాస్యజంట జ్ఞాపకార్థం మ్యూజియం తెరిచినప్పుడు పేరు వాలెంటిన్‌ది ఒక్కడిదే పెట్టారు. అప్పటికి ఆమె బతికే ఉంది. మరుసటి ఏడు జూలైలో చనిపోయింది. ఆ మ్యూజియం పేరులో కార్ల్‌ష్టాట్ చేరింది 2001లో.