పదిహేను గళ్ళ పువ్వు, పదహారు పేకలు

"మాస్టారండీ, ఆట తెరుచుకుంటంది. పాట కూడా వినబడతంది. బొమ్మే రావట్లేదండీ. ఏటి చెయ్యాల?"

పోయిన నెలలో ఒక సాయంత్రం, ట్యూషన్ అయిపోయాక పదో తరగతి కుర్రాడొకడు ఆగి మరీ అడిగిన ప్రశ్న ఇది. మాది ఇచ్ఛాపురం. ఇక్కడికి ఒడిశాలోని బరంపురం పాతిక కిలోమీటర్లు. మధ్యలో రాష్ట్రం మారుతుంది గానీ చుట్టరికాలు అటూ ఇటూ ఉంటాయి. వీడి మేనమామ బరంపురంలో పట్టుచీరలు నేస్తారు. వాళ్ళ పిల్లలు వాడడం మానేసిన కంప్యూటర్‌ని సెలవుల్లో వీడికి ఇచ్చేశారు. అక్కడ పెద్ద మానిటర్ మీద చక్కగా నడిచిన ఆట, ఇంట్లో ఉన్న పాత చిన్న మానిటర్‌కి తగిలించేసరికి నల్లగా అయిపోయింది. తెర మధ్యన 'ఔట్ ఆఫ్ రేంజ్' అని మాత్రం కనిపిస్తోంది. రిపేరు షాపులో విండోస్ మొత్తం మళ్ళీ ఎక్కించాలి, ఎనిమిది వందలవుతుంది అన్నారట. నాయనమ్మ ఉప్పూ మిరపకాయలూ తిప్పి దిష్టి తీసింది. ఆవిడని నేనేమీ అనను. నిన్నటిదాకా నడిచినది ఇవాళ ఉన్నట్టుండి నడవకపోతే, కారణం కనబడకపోతే, ఎవరికైనా చెయ్యి ఆ వైపే పోతుంది. కారణం ఎక్కడుందో చూపించాల్సింది మాలాంటివాళ్ళం.

'ఔట్ ఆఫ్ రేంజ్' అంటే ఆట పంపే బొమ్మ మానిటర్ శక్తికి మించిందని. బొమ్మలో అడ్డంగా, నిలువుగా ఎన్ని చుక్కలుండాలో చెప్పే కొలతని, అంటే రిజల్యూషన్‌ని, తగ్గించాలి. చిక్కు ఏమిటంటే, అది మార్చే బటన్ ఆట లోపల ఉంది. ఆ బటన్ చూడాలంటే ముందు బొమ్మ రావాలి. బొమ్మ రావాలంటే రిజల్యూషన్ మార్చాలి. పెట్టె తాళంచెవి పెట్టెలోనే ఉండిపోయింది. కాబట్టి బయట నుంచి మార్చాలి.

బయట అంటే ఎక్కడ? ఆట మొదలవగానే చేసే తొలి పనుల్లో ఒకటి, తను పోయినసారి ఎలా నడిచిందో రాసుకున్న చీటీ చదువుకోవడం. తన కిటికీ, అంటే విండో, తెరవకముందే ఆ చీటీ చూస్తుంది. ఎన్ని చుక్కల వెడల్పు, ఎన్ని చుక్కల ఎత్తు అన్న రెండు అంకెలు అందులో ఉంటాయి. చాలా ఆటల్లో అది మామూలు టెక్స్ట్ ఫైలు, నోట్‌ప్యాడ్‌లో తెరుచుకుంటుంది. వీడి ఆట అన్‌రియల్ ఇంజిన్ అనే, ఆటలు తయారుచేసే సాఫ్ట్‌వేర్ మీద కట్టింది. అలాంటి ఆటలకి 'గేమ్ యూజర్ సెట్టింగ్స్' అనే ఐఎన్ఐ ఫైలు ఉంటుంది. కీబోర్డు మీద విండోస్ మీటతో పాటు ఆర్ నొక్కి, రెండు పర్సెంట్ గుర్తుల మధ్య లోకల్‌యాప్‌డేటా అని కొడితే ఒక ఫోల్డర్ వస్తుంది. అందులో ఆట పేరు, దాని లోపల సేవ్డ్, దాని లోపల కాన్ఫిగ్. తెరిచి చూస్తే రిజల్యూషన్‌సైజ్ ఎక్స్ ఎదురుగా 1920, వై ఎదురుగా 1080. మామయ్యగారి మానిటర్ కొలతలు అవి. ఆట ఇంకా బరంపురంలోనే ఉన్నాననుకుంటోంది!

ముందు ఆ ఫైలుకి ఒక కాపీ తీయించాను. తర్వాత ఎక్స్‌ని 1280, వైని 720 చేశాం. కొంచెం కింద 'లాస్ట్ యూజర్ కన్ఫర్మ్‌డ్' అని మొదలయ్యే ఇంకో జత ఉంటుంది, దాన్నీ మార్చాలి. అది పాతదిగా ఉండిపోతే ఆట మళ్ళీ పాత కొలతకే పోవచ్చు. సేవ్ చేసి తెరిస్తే బొమ్మ వచ్చేసింది. కుర్రాడి మొహం చూడాలి!

అన్ని ఆటలూ ఒకలా రాసుకోవు. యూనిటీ అనే ఇంకో ఇంజిన్ ఆటలు విండోస్ రిజిస్ట్రీలో, అంటే విండోస్ తన సెట్టింగులు రాసుకునే చిట్టాలో, దాచుకుంటాయి. స్టీమ్ అనే ఆన్‌లైన్ ఆటల దుకాణంలో కొన్న ఆటైతే ప్రాపర్టీస్‌లో లాంచ్ ఆప్షన్స్ అనే గడి ఉంటుంది, చాలా ఆటలకి కొలతలు అక్కడే రాసి పంపవచ్చు. కొన్నిటికి ఆల్ట్, ఎంటర్ కలిపి నొక్కితే చాలు, నిండు తెర నుంచి చిన్న కిటికీలోకి వచ్చేస్తాయి. ఒక్క జాగ్రత్త చెప్పాలి. ఆట తన కోసం రాసుకున్న సెట్టింగ్ దిద్దడం వేరు, ఎక్కడెక్కడి నుంచో డీఎల్ఎల్ ఫైళ్ళు, అంటే ప్రోగ్రాం ముక్కలు, తెచ్చి ఆటలోకి చొప్పించడం వేరు. ఆన్‌లైన్ ఆటల్లో ఈ రెండోది మోసం కింద లెక్కకట్టి అకౌంట్ మూసేసే ప్రమాదముంది.

రిజిస్ట్రీ అన్నాను కనక ఒక ముచ్చట. కౌంటర్-స్ట్రైక్ 1.6 అనే పాత తుపాకుల ఆట తన వెడల్పూ ఎత్తూ రిజిస్ట్రీలోనే పెట్టుకుంటుంది. 1024, 768 పెట్టుకున్న కంప్యూటర్‌లో అక్కడికి వెళ్ళి చూస్తే 400, 300 అని కనిపిస్తాయి. పిల్లలు తప్పనుకుంటారు. తప్పు కాదు, అది పదహార్ల లెక్క. మన లెక్కలో వందల స్థానం పది పదులైతే, అక్కడ అది పదహారు పదహార్లు, అంటే 256. 4 సార్లు 256 అంటే 1024. 3 సార్లు 256 అంటే 768. స్థానవిలువ పాఠానికి ఇంతకన్నా మంచి ఉదాహరణ నాకు దొరకలేదు. కంప్యూటర్ పాఠమంటే ఇక్కడ నొక్కు, అక్కడ నొక్కు అని చెప్పి వదిలేస్తున్నాం. ఫైలంటే ఏమిటో, అందులో అంకె ఎలా కూర్చుంటుందో చూపించడం లేదు. ఆ అంకె ఒక్కసారి చేత్తో దిద్దిన పిల్లవాడు కంప్యూటర్‌కి భయపడడు.

సరే, చిన్న మానిటర్ ఆ బొమ్మని ఎందుకు కాదంది? 1920, 1080 కొలతతో సెకనుకి 60 బొమ్మలు పంపాలంటే, కనబడే 1080 వరుసలకి తోడు కనబడని మరో 45 వరుసలు కలిపి ఒక్కో బొమ్మకి 1125 వరుసలు వెళ్తాయి. సెకనుకి 67,500 వరుసలు. ఆ పాత మానిటర్ అంత వేగం అందుకోలేదు. అందుకోలేనని ముందే చెప్పాలి కదా? చెప్తుంది. మానిటర్ లోపల 128 బైట్ల చిన్న జాబితా ఉంటుంది, ఈడీఐడీ అంటారు. నా కొలత ఇది, నా వేగం ఇంత అని కేబుల్ గుండా కంప్యూటర్‌కి చెప్పుకుంటుంది. నీలం తలకాయ ఉండే వీజీఏ కేబుల్‌లో ఆ కబురు 12వ, 15వ పిన్నుల గుండా పోతుంది. వీడి కేబుల్ తెప్పించి వెలుతురులో పెట్టి చూశాను. కింది వరుసలో ఒక పిన్ను పూర్తిగా పక్కకి ఒరిగిపోయి ఉంది. రంగులు మోసే పిన్నులు బాగున్నాయి, కబురు మోసే పిన్నే పోయింది. ఎదురుగా ఏ మానిటర్ ఉందో విండోస్‌కి తెలియలేదు, ఆట అడిగింది అడిగినట్టు పంపేసింది. దిష్టి తగిలింది ఆ పిన్నుకి.

కొత్త కేబుల్ వేయించాను. కథ అయిపోయిందనుకున్నాను.

రెండు రోజులకి మళ్ళీ వచ్చాడు. "బొమ్మ వస్తంది గానండీ, అక్షరాలు మసగ్గా ఉన్నాయి. అన్నీ కాదండీ, కొన్ని."

ఈ 'కొన్ని' అన్న మాటకి నేను ఎగిరి గంతేసినంత పని చేశాను. ఎందుకో చెప్తాను.

ఎల్‌సీడీ తెర మీద వేలితో చిన్న నీటిచుక్క పెట్టి చూడండి. ఆవగింజంత చాలు. ఆ చుక్క భూతద్దంలా పనిచేసి ఎరుపు, ఆకుపచ్చ, నీలం గీతలు వరుసగా కనిపిస్తాయి. ఆ మూడూ కలిస్తే ఒక గడి. తెర ఫ్యాక్టరీలో తయారైన రోజే ఆ గళ్ళు లెక్కపెట్టి అతికించినట్టు. వీడి మానిటర్‌కి అడ్డంగా 1366, నిలువుగా 768. పాత డబ్బా మానిటర్లకి ఇంత గట్టి లెక్క లేదు. అక్కడ ఎలక్ట్రాన్ కిరణం ఎన్ని వరుసలు గీస్తే అన్ని. ఎల్‌సీడీది అలా కాదు, పడుగు (నిలువు పోగులు) ఎక్కించేసిన మగ్గం.

ఇప్పుడు మామయ్యగారి దగ్గరికి వెళ్దాం. నిజంగానే వెళ్ళాను, ఆదివారం, వీణ్ణి వెంటేసుకుని. బరంపురం పట్టుకి కుంభం అంచు పేరు. కోణాలు కోణాలుగా, గుడి గోపురాలు బారు తీరినట్టుంటుంది. దూరానికి ఆ వాలు గీసిన గీతలా ఉంటుంది. భూతద్దం పెట్టి చూస్తే అది గీత కాదు, మెట్లు. ఒక పేకకి, అంటే ఒక అడ్డపోగు వరుసకి, ఒక పోగు జరుగుతూ, జరుగుతూ ఎక్కింది. పడుగూ పేకా తప్ప ఇంకేమీ లేనిచోట ఏటవాలు అనేదే ఉండదు, ఉన్నట్టు కనిపిస్తుంది. ఆటలో కత్తి అంచు రంపంలా కనబడడం కూడా సరిగ్గా ఇదే. పోగు సన్నగా ఉన్నకొద్దీ మెట్టు కనబడదు.

గోడకి పాత గ్రాఫు కాగితం ఒకటి వేలాడుతోంది. పువ్వు బొమ్మ, గడికో రంగు. నేను ఆయన్ని అడిగాను: "పదిహేను గళ్ళ ఎత్తున్న పువ్వుని పదహారు పేకల్లో నెయ్యమంటే ఎలా నేస్తారండీ?"

ఈ పదిహేనూ పదహారూ నేను ఊరికే అన్నవి కావు. 720కీ 768కీ గ.సా.భా 48. 48 పదిహేన్లు 720, 48 పదహార్లు 768. అంటే ఆట పంపే ప్రతి 15 వరుసలనీ మానిటర్ 16 వరుసలుగా సాగదీయాలి, అలా 48 సార్లు. పదో తరగతి గ.సా.భా ఎక్కడ పనికొస్తుందని అడిగే పిల్లలకి ఇక నేను ఇదే చెప్తాను.

ఆయన కాసేపు కాగితం వంక చూశారు. "ఒక వరుస రెండుసార్లు వెయ్యొచ్చు. కానీ రేకు అక్కడ లావైపోద్ది, చీర పొడవునా తెలిసిపోద్ది." కరెక్ట్. కంప్యూటర్ వాళ్ళు చేసే మొదటి పద్ధతి అదే, దగ్గరి గడిని ఉన్నదున్నట్టు మళ్ళీ వేయడం. ఇంకో దారుందా అన్నాను. "రెండు రంగుల పోగులు కలిపి పురిపెట్టి వెయ్యొచ్చు. అప్పుడు లావు తెలీదు గానీ రంగు తేలిపోద్ది."

ఇదీ మానిటర్ చేసే పని! పక్కపక్క వరుసల రంగులు కలిపి కొత్త వరుస పుట్టిస్తుంది. ఎంతెంత కలుపుతుందో లెక్క వేసి చూడండి. 16 వరుసల కట్టలో మొదటి వరుస దాదాపు అసలు వరుసే. తర్వాతి దానిలో పక్క వరుస రంగు కాస్త కలుస్తుంది, ఆ తర్వాత ఇంకాస్త. ఎనిమిది, తొమ్మిది వరుసలకి వచ్చేసరికి రెండు అసలు వరుసలు ఇంచుమించు సగం సగం. అక్కడి నుంచి మళ్ళీ తేరుకుంటూ పదహారోదానికి స్వచ్ఛమవుతుంది. అంటే మసక తెరంతా ఒకేలా పరుచుకోదు, 16 వరుసలకొక అలలా వస్తూ పోతూ ఉంటుంది. ఒక్క వరుస మందం ఉన్న నల్లగీత, కట్ట మొదట్లో పడితే నల్లగానే ఉంటుంది, నడుమ పడితే రెండు బూడిద గీతలైపోతుంది. కుర్రాడు 'కొన్ని' అన్నది ఇందుకే. కళ్ళతో చూసి సరిగ్గా చెప్పాడు.

ఇది నిలువు సంగతి. అడ్డం ఇంకా కష్టం. 1280కీ 1366కీ గ.సా.భా కేవలం 2. 1366 అంటే రెండు 683లు, 683 ప్రధాన సంఖ్య. వాడుకలో ఉన్న ఏ చిన్న కొలతతోనూ దాన్ని సమంగా పంచలేం. 16:9 నిష్పత్తిలో 768 ఎత్తుకి లెక్క కడితే వెడల్పు 1365.33 వస్తుంది. దాన్ని పైకి సవరించి 1366 చేశారు, ఆ చిక్కు ఇప్పటికీ మోస్తున్నాం. ఈడీఐడీ జాబితాలోని మామూలు గళ్ళల్లో వెడల్పుని ఎనిమిదుల లెక్కన రాస్తారు. 1366 ఎనిమిదితో పోదు, అందుకే పాత కంప్యూటర్లు కొన్ని ఈ మానిటర్లకి 1360 చూపిస్తాయి. అదే 1920 అయితే ఎంత బాగా విరుగుతుందో చూడండి: 960కి సరిగ్గా రెండింతలు, 640కి మూడింతలు. ఆట 960, 540లో నడిస్తే ఒక్కో గడికి నాలుగు గళ్ళు, పోగు కలపక్కర్లేదు. దీన్నే ఇంటీజర్ స్కేలింగ్ అంటారు. 2019లో ఎన్విడియా, ఇంటెల్ తమ కొత్త చిప్‌ల డ్రైవర్లలోనే, అంటే వాటిని నడిపే సాఫ్ట్‌వేర్‌లోనే, ఈ సదుపాయం ఇచ్చాయి.

నిష్పత్తి తప్పితే ఏమవుతుందో కూడా చెప్పాలి. పాత ఆటలు 800, 600లో ఉంటాయి. దాన్ని 1366, 768కి నిండుగా సాగదీస్తే వెడల్పు 1.71 రెట్లు, ఎత్తు 1.28 రెట్లు. గుండ్రటి చక్రం మూడో వంతు అదనపు వెడల్పుతో కోడిగుడ్డులా పడుకుంటుంది. బొమ్మలు లెక్కగట్టే గ్రాఫిక్స్ కార్డు పాడైందని కొందరు, తక్కువ రిజల్యూషన్ పెడితే తెర చెడిపోతుందని కొందరు భయపెడతారు. తెరకేమీ కాదు. అదొక భాగహారం, అంతే.

మరి 1366, 768 పెట్టేస్తే పోదా? పోతుంది, అక్షరాలు కత్తిలా వస్తాయి. కానీ 9,21,600 చుక్కల బదులు 10,49,088 చుక్కలు లెక్కగట్టాలి. దాదాపు 14 శాతం అదనపు పని, సెకనుకి 60 సార్లు. వీడి కంప్యూటర్‌లో విడిగా గ్రాఫిక్స్ కార్డు లేదు. పెట్టి చూశాడు, పరిగెత్తేటప్పుడు బొమ్మ ఆగి ఆగి వచ్చింది.

మగ్గం దగ్గర నుంచి లేవబోతూ మూడో దారేమైనా ఉందా అని ఆయన్నే అడిగాను. ఆయన ఆలోచించలేదు కూడా. "పువ్వుని ఎందుకు సాగదీయడం మాస్టారూ? దాన్ని దాని కొలతలోనే వేసి, చుట్టూ ఖాళీ వదిలేస్తాం."

ఇచ్ఛాపురం వచ్చీ రాగానే కుర్రాడు ఆ ఫైలు తెరిచాడు. ఫుల్‌స్క్రీన్ మోడ్ ఎదురుగా ఉన్న సున్నాని 2 చేశాడు, అంటే కిటికీలో నడవమని. విండోస్‌ని 1366, 768లో ఉంచి, కింది పట్టీ దానంతటదే దాక్కునేలా పెట్టి ఆట తెరిచాడు. మధ్యలో 1280, 720 కిటికీ. ఆట పంపిన గడి ఒకటి, తెర మీద గడి ఒకటి. నడుమ వరుసల్లో కూడా అక్షరం అక్షరంలా ఉంది.

"ఎడమ పక్క 43, కుడి పక్క 43 మిగులుతాయి కదండీ," అన్నాడు కాగితం మీద తీసివేసి. పైనా కిందా 24 చొప్పున అని నేననేలోపు అదీ వాడే రాసేశాడు.