అడ్మిరల్ ఏ ఓడ నడుపుతాడు?

హన్మకొండ,
డిసెంబర్ 9

బిడ్డలారా,

నేవీ డే రోజు మీ సార్ పిలిస్తే మీ బడికి వచ్చాను కదా. అప్పుడు ఎనిమిదో తరగతి అమ్మాయి ఒకతె లేచి, "తాతా, అడ్మిరల్ కెప్టెన్ కంటే పెద్ద అన్నారు. మరి ఆయన ఏ ఓడ నడుపుతాడు?" అని అడిగింది. వెనుక బెంచీలో ఉన్న పిల్లగాడు, "నువ్వెందుకు అడ్మిరల్ కాలేదు తాతా?" అన్నాడు. నేను నోరు తెరిచేలోపే బెల్లు కొట్టారు. రెండూ మంచి ప్రశ్నలు. జవాబు చెప్పకుండా వచ్చేశానని అప్పటినుంచీ మనసులో ఉంది. అందుకే ఈ ఉత్తరం.

అమ్మా, నీ ప్రశ్నకు జవాబు ఇది: అడ్మిరల్ ఏ ఓడా నడపడు. ఆయన పనిలో కష్టమంతా అక్కడే ఉంది.

మన ఊళ్లలో నీరటికాడు ఉండేవాడని మీ తాతలు చెప్పే ఉంటారు. రైతు తన మడిని తాను చూసుకుంటాడు. నీరటికాడు ఎవరి మడీ దున్నడు, నాటు వేయడు. కానీ తూము ఎప్పుడు ఎత్తాలి, ఎప్పుడు దించాలి, చివరి మడికి నీళ్లు అందుతున్నాయా లేదా అన్నది ఆయన చూడాలి. ఆయకట్టు మొత్తం ఆయన కంట్లో ఉండాలి. ఓడకు కెప్టెన్ రైతు లాంటివాడు. ఇంజిన్, తుపాకులు, వంటగది, జబ్బుపడ్డ కుర్రాడు, అన్నీ ఆయన బాధ్యతే. అడ్మిరల్ నీరటికాడి లాంటివాడు. పది ఓడలుంటే ఏది ఎక్కడ ఉండాలి, దేనికి నూనె అయిపోతోంది, దేన్ని ప్రమాదంలోకి పంపాలి, దేన్ని దాచాలి అన్నవి ఆయన ఆలోచించాలి. చుక్కాని మాత్రం ఆయన ముట్టుకోడు.

ఇది నేను పుస్తకంలో చదివి చెబుతున్నది కాదు. 1981లో పదో తరగతి కాగానే నేవీలో నావికుడిగా చేరాను. అప్పటిదాకా నేను చూసిన పెద్ద నీళ్లు పాకాల చెరువువే. ఒడిశాలోని చిల్కాలో శిక్షణ, తర్వాత కొచ్చిలో సిగ్నల్ స్కూలు. 1996 దాకా పదిహేనేళ్లు సిగ్నల్‌మన్‌గా పనిచేశాను. జెండాలు ఎగరేయడం, రాత్రిపూట దీపం ఆర్పుతూ వెలిగిస్తూ మోర్స్ కోడ్‌లో మాట్లాడటం, అవతలి ఓడ చెప్పింది చదివి కెప్టెన్‌కు వినిపించడం నా పని. వైర్‌లెస్ ఉండగా జెండాలెందుకు అంటారేమో. వైర్‌లెస్ మాటను శత్రువు కూడా వింటాడు. జెండా కనుచూపు మేర వాళ్లకే కనిపిస్తుంది.

ఫ్లీట్‌ను, అంటే ఓడల దండును, నడిపే రియర్ అడ్మిరల్ (అడ్మిరళ్లలో ఒక మెట్టు) మా ఓడ ఎక్కినప్పుడు ముందు ఈల ఊదుతారు. బోసన్ కాల్ అంటారు దాన్ని, సన్నగా, పొడుగ్గా మోగుతుంది. ఆయన జెండా మా స్తంభం మీదికి వెళుతుంది. ఆ క్షణం నుంచి మాది ఫ్లాగ్‌షిప్. మీరు ఫ్లాగ్‌షిప్ ఫోన్ అంటారు చూడండి, ఆ మాట ఇక్కడిదే. అడ్మిరళ్లను ఫ్లాగ్ ఆఫీసర్లు అనడం కూడా ఇందుకే. జెండా ఏ ఓడ మీద ఉంటే ఆజ్ఞ అక్కడినుంచి వస్తుందని చుట్టూ ఉన్న ఓడలన్నిటికీ తెలియాలి.

మీకు ఒక సంగతి చెప్పాలి. ఓడలన్నీ ఒక్కసారిగా తిరగాలంటే ఆ ఆజ్ఞ ఉన్న జెండాల వరస పైకి ఎగరేస్తాం. కానీ జెండా ఎగిరినప్పుడు ఎవరూ తిరగరు. మిగతా ఓడలు అదే వరస తామూ ఎగరేసి, చూశాం, అర్థమైంది అని చెబుతాయి. అందరిదీ వచ్చాక మేం జెండా దించుతాం. దించిన క్షణమే ఆజ్ఞ. తాడు నా చేతిలో ఉండేది. అడ్మిరల్ తల ఊపగానే సర్రున లాగేవాణ్ని. ఆరు ఓడలు ఒకేసారి ఒరిగి తిరిగేవి, వెనుక ఆరు తెల్లటి నురగ చారలు. ఆ ఓడల్లో ఒక్కదాన్నీ ఆయన నడపలేదు, అన్నీ ఆయన మాట మీద తిరిగాయి. మొదటిసారి చూసినప్పుడు నాకు ఒళ్లు జలదరించింది.

ఇక ఆ పేరు సంగతి. మన ఇళ్లలో "అమీర్, గరీబ్" అంటాం కదా. మనకు అమీర్ అంటే డబ్బున్నవాడు. అరబ్బీలో అసలు అర్థం ఆజ్ఞ ఇచ్చేవాడు, సేనాధిపతి. "అమీర్ అల్" అంటే ఫలానా దానికి అధిపతి అని. ఇటలీ పక్కన సిసిలీ ద్వీపాన్ని చాలాకాలం ముస్లింలు పాలించారు. తర్వాత ఉత్తర ఫ్రాన్స్ వైపు నుంచి నార్మన్లు అనేవాళ్లు వచ్చినా పాత పదవుల పేర్లు ఉంచుకున్నారు. 12వ శతాబ్దంలో రెండవ రోజర్ రాజు దగ్గర జార్జ్ ఆఫ్ ఆంటియోక్ అనే ఆయనకు "అమీరులకు అమీరు" అనే బిరుదు ఉండేది. రాజు నౌకాదళాన్ని నడిపింది ఆయనే. అలా ఆ మాట ఓడలకు అతుక్కుంది. ఐరోపా భాషల్లో తిరుగుతూ మధ్యలో "డ" చేర్చుకుని అడ్మిరల్ అయింది. ఇంగ్లిష్ మాట అనుకుంటాం గానీ మనింట్లో ఉన్న అమీర్‌కు అది చుట్టమే.

వైస్ అడ్మిరల్, రియర్ అడ్మిరల్ అన్నవి తెరచాపల కాలం పేర్లు. పెద్ద నౌకాదళం మూడు భాగాలుగా సాగేది. నడుమ భాగంలో అడ్మిరల్, ముందు భాగంలో ఆయనకు సహాయకుడిగా వైస్ అడ్మిరల్, వెనుక భాగంలో రియర్ అడ్మిరల్ ఉండేవారు. రియర్ అంటే వెనుక అనే.

ఇంగ్లండ్ అడ్మిరల్ నెల్సన్ పేరు మీరు వినే ఉంటారు. 1805 అక్టోబర్ 21న స్పెయిన్ తీరంలోని ట్రఫాల్గర్ దగ్గర ఆయనవి 27 పెద్ద యుద్ధనౌకలు, ఎదుట ఫ్రాన్స్, స్పెయిన్‌లవి కలిపి 33. ఆ యుద్ధంలోనే నెల్సన్ చనిపోయాడు, కానీ ఆయన ఓడల్లో ఒక్కటీ పోలేదు. నాకు నచ్చేది ఆ గెలుపు కంటే అంతకుముందు ఆయన చేసిన పని. మూడు వారాల ముందే తన కెప్టెన్లను భోజనానికి పిలిచి, ఇలా చేద్దామనుకుంటున్నాను అని పూర్తిగా విప్పి చెప్పాడు. ఎందుకు? ఫిరంగులు పేలితే పొగ కమ్మేస్తుంది, జెండాలు కనబడవు. అప్పుడు ప్రతి కెప్టెన్ సొంతంగా ఆలోచించుకోవాలి. జెండా కనబడకపోయినా పని ఆగకుండా చూడటమే గొప్ప అడ్మిరల్ లక్షణమని సిగ్నల్‌మన్‌గా బతికిన నేను నమ్ముతాను.

మన దేశంలోనూ ఈ పదవి కొత్తది కాదు, మాట వేరు, అంతే. మరాఠా నౌకాదళాన్ని నడిపిన కాన్హోజీ ఆంగ్రేను సర్‌ఖేల్ అనేవారు. 1729లో చనిపోయేదాకా కొంకణ తీరంలో ఇంగ్లిష్ కంపెనీ ఓడలు ఆయన పేరు చెబితే జంకేవి. ముంబైలోని నేవీ స్థావరానికి ఐఎన్ఎస్ ఆంగ్రే అని ఆయన పేరే పెట్టారు. 2023 డిసెంబర్‌లో అడ్మిరళ్ల భుజాల మీది పట్టీల నమూనా మార్చి, శివాజీ రాజముద్రలోని ఎనిమిది మూలల ఆకారం పెట్టారు. అంతకుముందు దాకా ఇంగ్లిష్ వాళ్ల నమూనాయే ఉండేది.

మన ఓరుగల్లుకు సముద్రంతో ఏం సంబంధం అనకండి. కాకతీయ గణపతిదేవుడు సుమారు 1244లో కోస్తాలోని మోటుపల్లి రేవులో ఒక శాసనం వేయించాడు. అంతకుముందు తుఫానుకు కొట్టుకొచ్చిన ఓడల్లోని సరుకంతా రాజులు లాక్కునేవారట. ప్రాణం కంటే విలువైనదని నమ్మి సముద్రం దాటి తెచ్చుకున్న సొమ్మది, మేం సుంకం తప్ప మరేమీ తీసుకోం అని గణపతిదేవుడు మాట ఇచ్చాడు. ఖిలా వరంగల్ కోటలో కూర్చున్న రాజు ఎక్కడో సముద్రంలో చిక్కుకున్న వ్యాపారి గురించి ఆలోచించాడు! ఈ శాసనం గురించి మీ సాంఘిక శాస్త్రం టీచర్‌ను తప్పకుండా అడగండి.

స్వాతంత్ర్యం 1947లో వచ్చినా నేవీకి అధిపతులుగా ఇంకా పదకొండేళ్లు ఇంగ్లిష్ వాళ్లే ఉన్నారు. అంత పెద్ద బాధ్యతకు కావలసినంత సర్వీసు ఉన్న మనవాళ్లు అప్పటికి లేరు. 1958 ఏప్రిల్ 22న వైస్ అడ్మిరల్ రామ్‌దాస్ కటారి తొలి భారతీయ అధిపతి అయ్యారు. 1927లో డఫరిన్ అనే శిక్షణ ఓడలో చేరిన మొట్టమొదటి బ్యాచ్ కుర్రాడు ఆయన. మన నేవీకి పూర్తి అడ్మిరల్ హోదా 1968లో వచ్చింది, దాన్ని మొదట పొందింది అధర్ కుమార్ చటర్జీ.

ఇప్పుడు సైన్యంలో ఉన్న వాళ్ల పిల్లలు తికమక పడే విషయం ఒకటి. ఆర్మీలో కెప్టెన్ చిన్న అధికారి. నేవీలో కెప్టెన్ ఆర్మీ కర్నల్‌తో సమానం. ఆ పైన కమొడోర్, తర్వాత రియర్ అడ్మిరల్, వైస్ అడ్మిరల్, అడ్మిరల్. ముంబై, విశాఖ, కొచ్చిలలో ఉన్న మూడు కమాండ్‌లకు ఒక్కో వైస్ అడ్మిరల్ అధిపతి. నేవీ మొత్తానికి అధిపతి ఢిల్లీలో ఉండే అడ్మిరల్.

1971 యుద్ధంలో విశాఖలో ఆ కుర్చీలో ఉన్నది వైస్ అడ్మిరల్ కృష్ణన్. మన విమాన వాహక నౌక విక్రాంత్‌ను ముంచడానికి పాకిస్తాన్ ఘాజీ అనే జలాంతర్గామిని పంపింది. కృష్ణన్ విక్రాంత్‌ను అండమాన్ వైపు పంపి దాచారు. విశాఖలో మాత్రం విక్రాంత్ ఇక్కడే ఉందన్నట్టు నటింపజేశారు. రాజ్‌పుత్ అనే పాత ఓడ తానే విక్రాంత్ అన్నట్టు వైర్‌లెస్‌లో సందేశాలు పంపింది. ఘాజీ విశాఖ ముందుకే వచ్చి, డిసెంబర్ 3 అర్ధరాత్రి దాటాక అక్కడే మునిగింది. ఎలా మునిగిందన్న దానిపై రెండు దేశాలూ వేరు వేరుగా చెబుతాయి. దాచిన విక్రాంత్ మాత్రం 4వ తేదీన బయటికి వచ్చి తన విమానాలతో తూర్పు పాకిస్తాన్ (ఇప్పటి బంగ్లాదేశ్) తీరం మీద దాడి చేసింది. కృష్ణన్ ఆ ఓడ మీద లేరు, రాజ్‌పుత్ మీదా లేరు.

ఇంకో మాట చెప్పకపోతే ఈ ఉత్తరం అబద్ధమవుతుంది. ఇవాళ తేదీ చూశారు కదా. 1971లో సరిగ్గా ఇదే రోజు, డిసెంబర్ 9 రాత్రి, గుజరాత్ పక్కన డయ్యూ దగ్గర శత్రు జలాంతర్గామిని వెతకడానికి పంపిన మన ఓడ ఖుక్రీ టార్పెడో తగిలి మునిగిపోయింది. 18 మంది అధికారులు, 176 మంది నావికులు పోయారు. కెప్టెన్ మహేంద్రనాథ్ ముల్లా తప్పించుకునే వీలున్నా ఓడతోనే ఉండిపోయారు. కెప్టెన్‌కు ఆ దారి ఉంది. ఆ ఓడను పంపిన పెద్దలకు ఆ దారి లేదు. వాళ్లు తెల్లారి లేచి మిగతా ఓడలకు ఆజ్ఞలు ఇవ్వాలి, 194 ఇళ్లకు కబురు పంపాలి, బతికినన్నాళ్లూ ఆ రాత్రిని మోయాలి. నా సర్వీసులో నేను చూసిన అడ్మిరళ్లలో ఒకాయన చిన్న విన్యాసానికి కూడా ఓడను పంపేముందు దాని సిబ్బంది ఎంతమంది అని అడిగేవారు. ఓడ పేరు కంటే ముందు ఆ లెక్క అడిగేవారు. నాకు ఆయన మీద గౌరవం అందుకే.

ఇక వెనుక బెంచీ బిడ్డకు. నేవీకి రెండు తలుపులున్నాయి. నావికుడి తలుపు, అధికారి తలుపు. మా నాన్నకు నన్ను ఇంటర్ చదివించే స్తోమత లేదు, నేను మొదటి తలుపులోంచి వెళ్లాను. నావికులుగా చేరి అధికారులైన వాళ్లు ఉన్నారు, కానీ అడ్మిరల్ దాకా వెళ్లాలంటే చిన్న వయసులోనే అధికారిగా చేరి ముప్పై ఏళ్లకు పైగా మెట్టు మెట్టూ ఎక్కాలి. ఇంటర్ ఎంపీసీ తర్వాత ఎన్డీఏ (నేషనల్ డిఫెన్స్ అకాడమీ) పరీక్ష రాసి పుణె దగ్గర ఖడక్‌వాస్లాలో ఉన్న ఆ అకాడమీకి వెళ్లవచ్చు, లేదా జేఈఈ ర్యాంకుతో కేరళలోని ఎజిమల నేవల్ అకాడమీలో బీటెక్ చేయవచ్చు. ఆ చదువుకు ఫీజు ఉండదు. నాకు తెలియక పోగొట్టుకున్న సమాచారం ఇది, మీరు రాసి పెట్టుకోండి.

ప్రశ్న అడిగిన అమ్మా, నీకూ ఇదే దారి. 2022 నుంచి ఎన్డీఏలో అమ్మాయిలను తీసుకుంటున్నారు. డాక్టర్ పునీతా అరోరా 2005లోనే నేవీలో సర్జన్ వైస్ అడ్మిరల్ అయ్యారు. ఓడలు నడిపి, ఫ్లీట్ నడిపి ఆ పదవికి వచ్చే అమ్మాయి కోసం ఇంకా ఎదురుచూడాలి.

సంక్రాంతి సెలవుల తర్వాత మిమ్మల్ని విశాఖ తీసుకెళ్తానని మీ సార్ అన్నారు. వరంగల్ స్టేషన్‌లో సాయంత్రం గోదావరి ఎక్స్‌ప్రెస్ ఎక్కితే తెల్లారేసరికి దిగుతాం. మన దేశంలోనే రూపుదిద్దుకున్న తొలి తరం యుద్ధనౌకల్లో ఒకదానికీ గోదావరి అనే పేరు ఉండేది, 1983 నుంచి 2015 దాకా పనిచేసింది. బీచ్‌లో కుర్సుర జలాంతర్గామిని మ్యూజియంగా పెట్టారు. లోపల గది నుంచి గదికి గుండ్రటి చిన్న తలుపులుంటాయి, కాలు ముందు పెట్టి తల వంచాలి. మీ సార్ ఒప్పుకుంటే నేనూ వస్తాను. నా పాత జెండాల పుస్తకం తెస్తాను. రైల్లో మీ పేర్లు జెండాల్లో ఎలా రాయాలో నేర్పిస్తాను.

మీ తాత