చెన్నై ఆర్మేనియన్ వీధి: అపోహలు - వాస్తవాలు

జార్జిటౌన్‌లో హెరిటేజ్ వాక్‌లు చేయిస్తుంటాను. నెల్లూరు, ఒంగోలు వైపు నుంచి వచ్చే మనవాళ్లూ బాగానే ఉంటారు. ఆర్మేనియన్ వీధిలోకి తిరగగానే ఎక్కువగా వినిపించే మాటలివి.

అపోహ: మంగళవారం జనంతో కిటకిటలాడే అంతోనివారి గుడే ఆర్మేనియన్ చర్చి.
వాస్తవం: అది క్యాథలిక్కులది. ఆటోవాళ్లు కూడా చాలాసార్లు అక్కడే దింపేస్తారు. అసలు ఆర్మేనియన్ చర్చి అదే వీధిలో ఉంది, 1772లో కట్టింది. అది ఆర్మేనియన్ అపొస్తలిక్ సంఘానిది, పోప్ అధికారం కిందికి రాదు.

అపోహ: ఆర్మేనియన్లు ఇంగ్లిషువాళ్ల వెనకాల వచ్చారు.
వాస్తవం: ఇదే నాకు బాగా చిరాకు తెప్పించేది. వీళ్లలో చాలామంది ఇరాన్‌లోని ఇస్ఫహాన్ పక్కనున్న న్యూ జుల్ఫా వర్తకులు. వాళ్ల వ్యాపారం కావలసివచ్చి ఇంగ్లిషువాళ్ల ఈస్టిండియా కంపెనీయే 1688లో వాళ్లతో ఒప్పందం రాసుకుంది. 40 మంది ఆర్మేనియన్లున్న చోట చర్చి కట్టిస్తామనీ, ఏడేళ్లు పాదిరికి ఏడాదికి 50 పౌండ్లు ఇస్తామనీ అందులో ఉంది. 1746లో ఫ్రెంచివాళ్లు మద్రాసు పట్టుకున్నారు. 1749లో ఊరు తిరిగి చేతికి రాగానే, వీళ్లు ఫ్రెంచివాళ్లతో కలిశారన్న అనుమానంతో కంపెనీ వైట్ టౌన్‌లో, అంటే కోటలోని యూరోపియన్ల పేటలో, ఇళ్లు లేకుండా చేసింది. అలా కోట బయట స్థానికులుండే బ్లాక్ టౌన్ వైపు వచ్చి ఇక్కడ స్థిరపడ్డారు.

అపోహ: గంటలు ఆర్మేనియా నుంచి తెప్పించారు.
వాస్తవం: గంటగోపురం చర్చికి అంటుకోకుండా విడిగా ఉంటుంది. అందులో ఆరు గంటలు. రెండింటి మీద, వాటిని లండన్‌లో పోతపోసిన థామస్ మియర్స్ పేరు, 1837 అన్న సంవత్సరం కనిపిస్తాయి.

అపోహ: ఆర్మేనియన్ భాషలో తొలి పత్రిక వాళ్ల దేశంలోనే వచ్చి ఉంటుంది.
వాస్తవం: వచ్చింది మద్రాసులో, 1794లో. పేరు 'అజ్దరార్'. నడిపింది షిరాజ్ నుంచి వచ్చిన హరుత్యూన్ ష్మవోన్యన్ అనే పాదిరి. ఇద్దరు కొడుకులను పోగొట్టుకున్న మనిషి. 1796 దాకా 18 సంచికలు తెచ్చాడు. ఆయన సమాధి ఈ చర్చి ఆవరణలోనే ఉంది. దాన్ని దాటి ఫొటోల కోసం గోపురం దగ్గరికి పరుగెత్తేవాళ్లను ఆపడమే నా పనిలో సగం. అంతకు ముందే, 1772లో, ఆర్మేనియన్ వర్తకుడు షహమీర్ షహమీర్యన్ ఇక్కడ అచ్చుకూటం పెట్టాడు. అప్పటికి స్వతంత్ర ఆర్మేనియా అన్నదే లేదు. అయినా దానికి రాజ్యాంగ ముసాయిదా ఈ అచ్చుకూటంలోనే అచ్చయింది.

అపోహ: వాళ్లు వదిలి వెళ్లింది ఈ చర్చి ఒక్కటే.
వాస్తవం: సైదాపేట దగ్గర అడయారు మీద మొదటి వంతెన 1726లో సొంత డబ్బుతో కట్టించింది ఆర్మేనియన్ వర్తకుడు కోజా పెట్రస్ ఉస్కాన్. సెయింట్ థామస్ మౌంట్ ఎక్కే మెట్లూ ఆయన వేయించినవే. పాత వంతెన స్థానంలో 1960ల్లో కొత్తది వచ్చింది.

చర్చి మూతపడిందని కూడా కొందరంటారు. మూతపడలేదు, పగటిపూట తెరిచే ఉంటుంది. ఇక్కడ సంఘం అంటూ మిగల్లేదు కాబట్టి నిర్వహణ కోల్‌కతా ఆర్మేనియన్ల చేతిలో ఉంది. గంటలు వినాలంటే ఆదివారం పొద్దున రండి. కారు మాత్రం తేవద్దు, పార్కింగ్ టెన్షన్ తప్ప ఏమీ మిగలదు. ప్యారిస్ కార్నర్‌లో దిగి నడిచిరండి.