బేసి పుల్ల

పిల్లలూ,

మొన్న ఫోన్లో చిన్నది ఒక మాటంది. "మీ అవ్వాతాతలు ఏం చేస్తారని స్కూల్లో అడిగితే, పొలం పని అని చెప్పానవ్వా" అని. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. నేనూ తాతా గంపలు అల్లి బతికినవాళ్లం.

మన ఎరుకల వాళ్లలో పనిని బట్టే పేర్లు. వెదురు దబ్బలతో అల్లేవాళ్లు దబ్బ ఎరుకల. మనం ఈతపుల్లల ఎరుకల. నేతగాళ్లు పడుగు సాగదీసి గంజి పట్టించి దువ్వే కుంచెలుంటాయే, అవి కట్టేవాళ్లూ మనలో ఉండేవాళ్లు.

మన్నేరు గట్టున ఈత మట్టలు కోసి, ముళ్లు చెక్కి, నిలువునా చీలుస్తాం. ఎండితే నానెయ్యాలి, లేదంటే వంచగానే పుటుక్కున విరుగుతాయి. అడుగు పరిచి, పుల్లల్ని చుట్టూ పైకి లేపుతాం. ఆ నిలువు పుల్లలు బేసి లెక్కలో ఉండాలి. సరి లెక్కయితే, చుట్టు తిరిగొచ్చిన అల్లిక పుల్ల కింది వరసలో దేని మీంచి పోయిందో మళ్లీ దాని మీంచే పోతుంది. పట్టు రాదు. ఒక్కటి ఎక్కువుంటే రెండో చుట్టులో పైది కిందికి, కిందిది పైకి మారి గంప బిగుసుకుంటుంది. మా అమ్మ బడి మొహం చూడలేదు. అయినా గంప అడుగు చూసి "ఒకటి తక్కువుందే" అనేది. ఎండాకాలం ఉలవపాడు మామిడి తోటలకు ఆమె గంపలే పోయేవి. ఇప్పుడన్నీ ప్లాస్టిక్ ట్రేలే.

మన పెద్దలు గంపలతోపాటు ఉప్పూ ధాన్యమూ వేసుకుని ఊరూరా తిరిగి అమ్మేవాళ్లు. తెల్లదొరలు 1871లో ఒక చట్టం తెచ్చి, కొన్ని జాతుల్ని పుట్టుకతోనే నేరస్తులన్నారు. 1911లో అది మన వైపుకీ వచ్చింది. మనవాళ్ల వేలిముద్రలు తీసుకుని, హాజరు చెప్పించుకున్నారు. కావలిలో, బిట్రగుంట దగ్గర కప్పరాళ్లతిప్పలో సెటిల్‌మెంట్లని కాపలా కాలనీలు పెట్టి ఉంచారు. 1952కల్లా దేశమంతటా ఆ చట్టం పోయింది. మాట మాత్రం పోలేదు. నా చిన్నప్పుడు ఊళ్లో ఎవరి కోడి కనపడకపోయినా ముందు మన గుడిసె వైపే చూసేవాళ్లు. మా అమ్మ తల దించుకుని అల్లుకుంటూనే ఉండేది.

అందుకే చిన్నదాని మీద నాకు కోపం లేదు. అది ఎందుకు దాచిందో నాకు తెలుసు.

సంక్రాంతికి వస్తారుగా. మట్టలు చీల్చి నానేసి పెడతా. పుల్లలు చిన్నదే లెక్కపెట్టాలి.

మీ అవ్వ