మీరటు జరిగితే ఆయనా అటే!

ఎదురొచ్చే మనిషికి దారి ఇద్దామని పక్కకి జరిగితే ఆయనా అటే జరుగుతాడు, ఇటొస్తే ఇటే వస్తాడు, ఏమిటీ ఖర్మ అని ఒక పాఠకుడి ప్రశ్న. లోపం ఎవరిలోనూ లేదు. ఇద్దరూ ఒకేలా, ఒకే వేగంతో ఆలోచించడమే తంటా.

మనిషి నడక సెకనుకి సుమారు 1.3 మీటర్లు. ఎదురెదురుగా నడిస్తే మధ్య దూరం సెకనుకి 2.6 మీటర్ల చొప్పున తరుగుతుంది. నడిచేవాళ్ల జాడల్ని లెక్కగట్టి కరమూజాస్, స్కిన్నర్, గై అనే పరిశోధకులు 2014లో తేల్చిందేమంటే, మనం చూసుకునేది దూరం కాదు, గుద్దుకోవడానికి ఇంకెంత సమయం ఉందన్నది. ఆ సమయం సగానికి తగ్గితే మధ్యనున్న 'వికర్షణ శక్తి', అంటే ఒకరినొకరు తప్పుకునేలా నెట్టే శక్తి, నాలుగింతలవుతుంది. సుమారు మూడు సెకన్లకి మించి ఉంటే అసలు పట్టించుకోం. అంటే ఎనిమిది మీటర్ల దూరంలోనే సర్దుబాటు చడీచప్పుడూ లేకుండా అయిపోతుంది.

ఆ ఎనిమిది మీటర్లు దొరకని చోటే చిక్కు. ఆసుపత్రి వరండా మలుపు, సూపర్‌బజార్‌లో అరల మధ్య సందు. ఒక్కో అడుగుకి అర సెకను పడుతుంది. ఆయనా అటే వస్తున్నాడని కంటికి తెలిసేసరికి మీ కాలు దిగిపోయి ఉంటుంది. దిద్దుబాటు తర్వాతి అడుగులోనే. ఆయనకీ అంతే కనక ఇద్దరూ పాతబడిన సమాచారంతో ఒకేసారి దిద్దుకుంటారు. ప్రతిసారీ బొమ్మా బొరుసే అనుకుంటే, వరసగా మూడుసార్లు ఇద్దరూ ఒకే పక్కకి జరిగే అవకాశం ఎనిమిదింట ఒకటి.

కంప్యూటర్లని ఒకదానితో ఒకటి కలిపే పాతకాలపు ఈథర్‌నెట్ తీగలో వాటికీ ఇదే బాధ. రెండూ ఒకేసారి మాట్లాడితే సమాచారం పాడవుతుంది. రెండూ ఒకే వ్యవధి ఆగితే మళ్లీ పాడవుతుంది. అందుకని ప్రతి యంత్రమూ చీటీ తీసినట్టు ఏదో ఒక వ్యవధి ఎంచుకుని ఆగుతుంది. మొదటిసారి రెండు చీటీలు, తర్వాత నాలుగు, ఎనిమిది... అలా 1024 దాకా. చీటీ మీద సున్నా నుంచి మొదలయ్యే అంకె ఎంతైతే అన్ని వాయిదాలు ఆగాలి; సెకనుకి పది మెగాబిట్లు పంపే తీగలో ఒక్కో వాయిదా 51.2 మైక్రోసెకన్లు. పదహారుసార్లూ విఫలమైతే ఇక ఆ ప్రయత్నం మానేస్తుంది. మనిషికి చీటీల్లేవు, మర్యాద ఉంది. అది ఇద్దరిలోనూ సమానంగా ఉంటే మరీ కష్టం.

కాబట్టి మొదటి జరుగుడు తప్పితే రెండోది వద్దు. టక్కున ఆగి, భుజం ఒక పక్కకి తిప్పండి. ఒకరు కదలకపోతే రెండోవారికి లెక్క తేలిక. పిల్లి ఎదురొస్తే ఠక్కున ఆగే మనం మనిషి ఎదురొస్తే మాత్రం ఆగం!

చూపు ఫోన్‌లో ఉంటే ఇవేవీ పనిచేయవు. మురకామి అనే పరిశోధకుడి బృందం జపాన్‌లో 27 మంది చొప్పున రెండు గుంపుల్ని ఎదురెదురుగా నడిపించింది. ముగ్గురి చేతికి ఫోన్లిచ్చి అందులో కూడికలు చేయమంటే, వాళ్లు ముందు వరసలో ఉన్నప్పుడు గుంపంతా నెమ్మదించింది. ఫోన్ లేనివాళ్లూ చివరి క్షణంలో పెద్ద అడుగులేసి తప్పుకోవాల్సి వచ్చింది. ఎదుటివాళ్ల చూపు, ఒరుగు చదవలేకపోవడమే కారణం. మనుషులు ఎందుకు గుద్దుకుంటారో చెప్పినందుకు 2021లో వాళ్లకి ఇగ్ నోబెల్ (ముందు నవ్వించి, తర్వాత ఆలోచింపజేసే పరిశోధనలకిచ్చే సరదా బహుమతి) ఇచ్చారు. ఎందుకు గుద్దుకోరో చెప్పిన వేరే బృందానికీ అదే ఏడాది ఇంకో ఇగ్ నోబెల్.