ఇంటి తెలుగు బడి ఒడియాకు అడ్డా? గిడుగు వారి ఊరి నుంచి కొన్ని అపోహలు - వాస్తవాలు

ఒడిశాలోని పర్లాకిమిడి ప్రాంతంలో ఇరవై ఏళ్లకు పైగా ప్రాథమిక తరగతులకు పాఠాలు చెబుతున్న నాకు, కొత్త తరగతులు మొదలయ్యే రోజుల్లో తప్పకుండా ఎదురయ్యే మాట ఒకటుంది. ఈ ఏడు కూడా ఒక తల్లి రెండో తరగతి కొడుకును వెంటబెట్టుకొని వచ్చి, "మా గుంటడికి ఒడియా అబ్బటం లేదు మాస్టారూ, అందుకని ఇంట్లో తెలుగు మాటాడ్డం మానేసాం, అయినా లాభం లేదు" అని కళ్లనీళ్లు పెట్టుకుంది. ఆమెకూ భర్తకూ వచ్చిన ఒడియా బజారులో బేరమాడుకోవడానికి సరిపోయేంత మాత్రమే. తెలుగు మానేసిన ఆ ఇంట్లో పిల్లవాడికి కథ చెప్పేవారు లేకుండా పోయారు, వాడు అడిగే ప్రశ్నకు జవాబు చెప్పేవారూ లేకుండా పోయారు. వాడుక భాష కోసం పోరాడిన గిడుగు రామమూర్తి పంతులు గారు మూడు దశాబ్దాల పాటు పాఠం చెప్పిన ఊరిలో ఈ మాట వినవలసి రావడం నన్ను ప్రతిసారీ కలచివేస్తుంది.

అపోహ: ఇంటి భాషను ఆపితేనే బడి భాష వస్తుంది.

వాస్తవం: మా ప్రాంతపు తెలుగు పిల్లలకు ఇంతకంటే నష్టం చేసిన నమ్మకం మరొకటి లేదు. ఎవరో చుట్టాలింట విన్నారని, పక్కింటివారు చేశారని దీనిని పాటించేవారిని చూస్తే ఆ వదంతి మీద కోపం వస్తుంది కానీ, భయపడిన తల్లిదండ్రుల మీద రాదు. ఏడేళ్ల పిల్లవాడు బడికి ఖాళీ చేతులతో రాడు; కారణం, ఫలితం, ముందు, వెనుక, ఎక్కువ, తక్కువ అనే ఆలోచనలన్నీ తన భాషలో కట్టుకొని వస్తాడు. వాడు కొత్త భాషలో నేర్చుకోవలసింది ఆ ఆలోచనలకు మరో పేరు మాత్రమే. ఆ ఆలోచనలే ఎదగకుండా ఆపితే, పేరు పెట్టడానికి ఏమీ మిగలదు. ఒక భాషలో గట్టిపడిన చదువు రెండో భాషకు ఆసరా అవుతుందని కెనడాకు చెందిన జిమ్ కమిన్స్ 1979లో సిద్ధాంతీకరించారు. గిడుగు వారు అదే దారిలో అంతకు ఎనభై ఏళ్లకు పైగా ముందే మన కొండల్లో నడిచారు.

తెలుగు, ఒడియా విషయంలో ఈ ఆసరా కంటికి కనిపిస్తుంది. రెండింటి వర్ణమాలా క, ఖ, గ, ఘ అనే వరుసలోనే నడుస్తుంది, గుణింతాల పద్ధతి ఒకటే, హల్లుకు హల్లు చేరే పద్ధతి కూడా దాదాపు ఒకటే. తెలుగు గుణింతం చక్కగా వచ్చిన పిల్లవాడికి ఒడియాలో కొత్తగా నేర్చుకోవలసినవి అక్షరాల రూపాలు, కొన్ని ఉచ్చారణ భేదాలు. ఒడియాలో అకారం ఒకారానికి దగ్గరగా పలుకుతుంది కనుక 'ఘర' అని రాసి ఉన్నదానిని 'ఘొరొ' అని చదవాలి. హ్రస్వమైన ఎ, ఒ లకు అక్కడ వేరే అక్షరాలు లేవు. ఈ రెండు సంగతులు ముందుగా చెప్పి, తెలుగు అక్షరం పక్కన ఒడియా అక్షరాన్ని పెట్టి చూపిస్తే, నెలల తరబడి కుదరని చదువు వారాల్లో దారిలో పడటం నేను ఎన్నోసార్లు చూశాను. పిల్లవాడు తడబడింది తెలుగు వల్ల కాదు, ఈ పోలికను ఎవరూ చూపించకపోవడం వల్ల.

గిడుగు వారు చేసిన పనిని ఈ వెలుగులో చూడాలి. 1863 ఆగస్టు 29న శ్రీముఖలింగం దగ్గరి పర్వతాలపేటలో పుట్టి, 1880లో పర్లాకిమిడి రాజావారి పాఠశాలలో ఉపాధ్యాయుడిగా చేరిన ఆయన, కొండల నుంచి సంతకు దిగివచ్చే సవర గిరిజనుల మాట విని, తెలుగు, సవర రెండూ తెలిసిన ఒక వ్యక్తిని ఇంట్లోనే ఉంచుకొని ఆ భాష నేర్చుకున్నారు. తెలుగు లిపిలో సవర వాచకాలు రాశారు, సొంత డబ్బుతో బడులు పెట్టి, ఉపాధ్యాయులకు జీతాలు ఇచ్చి, సవర పిల్లలకు సవరలోనే చదువు చెప్పించారు. సవర మాటలు మాన్పించి తెలుగు నేర్పడం ఆయనకు ఎంతో సులువైన పని, అయినా ఆ దారి పట్టలేదు. 1931లో సవర వ్యాకరణాన్ని, 1938లో సవర - ఇంగ్లీషు నిఘంటువును కూడా పూర్తిచేశారు. ఒడిశా ప్రభుత్వం పది గిరిజన భాషల్లో ప్రాథమిక బోధన మొదలుపెట్టింది 2006-07లో; ఆ పదింటిలో సవర ఒకటి.

ఉద్యోగంలో చేరిన కొత్తలో గుమ్మ బ్లాకులోని ఒక కొండ ఊరిలో పనిచేసినప్పుడు నాకు ఇదేమీ తెలియదు. పన్నెండు తరువాత వచ్చే అంకె రాయమంటే ఒక సవర పిల్లవాడు పలక మీద 121 అని రాశాడు. వాడికి చదువు రాదని నేను తేల్చేశాను. కొన్ని నెలల తరువాత ఆ ఊరి పెద్దాయన ఒకరు చింతగింజలు పేర్చి లెక్క చెబుతుంటే విన్నాను. సవర లెక్కలో పన్నెండు వరకు విడివిడి పేర్లు ఉంటాయి, ఆ తరువాత పన్నెండు-ఒకటి, పన్నెండు-రెండు అంటూ పంతొమ్మిది వరకు వెళ్లి, అక్కడి నుంచి ఇరవైల లెక్క మొదలవుతుంది. పన్నెండు-ఒకటి అనే మాటను ఆ పిల్లవాడు విన్నది విన్నట్టుగా 121 అని రాశాడు. వాడికి లెక్క వచ్చు, నాకే వాడి భాష రాదు. మరుసటి వారం గింజలను పన్నెండేసి కుప్పలుగా పెట్టి, వాటినే పదేసిగా మార్చి చూపించాను, తరగతిలో సగం మందికి స్థానవిలువలు ఆ వారంలోనే అర్థమయ్యాయి. అంతకుముందు నేను చదువు రాదని తేల్చిన పిల్లల ముఖాలు ఇప్పటికీ గుర్తుకొస్తూనే ఉంటాయి.

అపోహ: మాతృభాషలో చదువు అంటే ఇంగ్లీషు వద్దనడం.

వాస్తవం: గిడుగు వారు చరిత్ర పాఠాలు చెప్పిన ఉపాధ్యాయులు, ఉద్యోగం చేస్తూనే ప్రైవేటుగా చదివి బి.ఏ. పూర్తిచేశారు, సవర వ్యాకరణాన్ని రాసింది ఇంగ్లీషులోనే. పునాది ఏ భాషలో వేయాలన్నదే ఆయన ప్రశ్న; పై అంతస్తులో ఇంగ్లీషు ఉండకూడదని ఆయన ఎక్కడా అనలేదు.

మిగిలినవి త్వరగా చెబుతాను. సవరల సొంత లిపిని గిడుగు వారు తయారు చేశారని మా వైపు చాలామంది అనుకుంటారు, అది సరికాదు. సొరాంగ్ సొంపెంగ్ అనే ఆ లిపిని 1936లో రూపొందించినది మంగెయి గొమాంగో. పాత పుస్తకాల భాష అయిన గ్రాంథికం రాకపోవడం వల్లనే గిడుగు వారు వాడుక భాష అయిన వ్యావహారికాన్ని పట్టుకున్నారనేది మరో కట్టుకథ. పాత కావ్యాలను, శాసనాలను శ్రద్ధగా చదివినవారు కనుకనే, గ్రాంథికవాదులు తమ రాతల్లో తామే చేస్తున్న తప్పులను ఎత్తిచూపగలిగారు. వ్యావహారికమంటే నోటికొచ్చినట్టు రాయడమనీ కొందరంటారు. ఆయన కోరినది శిష్ట వ్యావహారికాన్ని, అంటే చదువుకున్నవారు జాగ్రత్తగా మాట్లాడే భాషను. ఇక 1936 ఏప్రిల్ 1న ఒడిశా రాష్ట్రం ఏర్పడిన రోజున ఆయన, పర్లాకిమిడిని అందులో కలిపినందుకు నిరసనగా ఊరు విడిచి రాజమండ్రి వెళ్లిపోవడాన్ని పట్టుకొని, ఆయన ఒడియాకు వ్యతిరేకి అని చెప్పేవారున్నారు. అది సరిహద్దు ఎక్కడ గీయాలన్న వివాదం. సవరల కోసం అంత పాటుపడిన మనిషికి సాటివారి భాష మీద ద్వేషాన్ని అంటగట్టడం అన్యాయం.

రాజ్యాంగంలోని 350-ఏ అధికరణం, భాషాపరమైన అల్పసంఖ్యాకుల పిల్లలకు ప్రాథమిక స్థాయిలో మాతృభాషా బోధనకు తగిన సదుపాయాలు కల్పించాలని రాష్ట్రాలకు చెబుతుంది. ఒడిశాలో తెలుగు అడగడం దయాభిక్ష కోరడం కాదని తల్లిదండ్రులు తెలుసుకోవాలి, అడిగేటప్పుడు తలవంచుకోవలసిన అవసరం లేదు.

చివరిగా, నాలుగో ఐదో తరగతికి వచ్చేశాక తెలుగు అక్షరాలు నేర్పడం ఆలస్యమనే మాట. ఒడియా చదవగలిగే పిల్లవాడికి వర్ణమాల వరుసా గుణింతమూ ఇప్పటికే వచ్చు కనుక, రోజుకు అరగంట చొప్పున కూర్చోబెడితే రెండు మూడు నెలల్లో చిన్న కథ చదివేస్తాడు. ఈ పాతికేళ్లలో అలా చదవని పిల్లవాడిని నేను చూడలేదు. ఆ తల్లికి కూడా ఇదే చెప్పాను: "అమ్మా, ఈ రాత్రి మీకు వచ్చిన కథ మీకు వచ్చిన మాటల్లోనే చెప్పండి. రేపు బడిలో వాడి చేత దానిని ఒడియాలో చెప్పించే పూచీ నాది."