సీసీ (సర్టిఫైడ్ కాపీ) ఉంటే కేసు గెలిచినట్టేనా? రిజిస్టర్డ్ దస్తావేజుల నకళ్ల మీద అపోహలు - వాస్తవాలు

2009 అక్టోబర్‌లో తుంగభద్ర, హంద్రీ రెండూ ఊరిమీద పడినప్పుడు మా కర్నూల్లో బీరువాలకు బీరువాలే మునిగినాయి, ఇంక వాటిలో దస్తావేజులెక్కడ మిగుల్తాయి. అప్పట్నుంచి "సార్, ఒరిజినల్ లేదు, సీసీ ఉంది, కోర్టులో పనికొస్తుందా" అని అడిగేవాళ్లు వస్తానే ఉన్నారు. ఒకాయన సీసీ అంటే ఉత్త కాగితం అంటాడు, ఇంకొకాయన సీసీ పెడితే చాలు డిక్రీ చేతికొచ్చేస్తుంది అనుకుంటాడు. రెండూ తప్పే.

అపోహ: ఒరిజినల్ పోతే ఆస్తి పోయినట్టే.

పోదు. రిజిస్ట్రేషన్ అయినప్పుడే దస్తావేజు మొత్తం సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో బుక్ 1 అనే స్థిరాస్తి రిజిస్టర్‌లోకి ఎక్కుతుంది, ముందు చేత్తో వాల్యూముల్లో రాసేవాళ్లు, 1998లో కార్డ్ అనే రిజిస్ట్రేషన్ల కంప్యూటరీకరణ పథకం వచ్చినాక కంప్యూటర్లు వచ్చినాయి. ఆ రికార్డులోంచి సంతకం పెట్టి సీలు వేసి ఇచ్చేదే సీసీ. ఒరిజినల్‌లో ఏం రాసుందో రుజువు చేయడానికి అది చెల్లుతుందని 1908 రిజిస్ట్రేషన్ చట్టం సెక్షన్ 57(5)లోనే ఉంది. 2023 సెప్టెంబర్‌లో అప్పయ్య వర్సెస్ ఆండిముత్తు కేసులో సుప్రీంకోర్టు కూడా క్రయ దస్తావేజు సీసీని సాక్ష్యంగా తీసుకోవచ్చనే చెప్పింది.

అపోహ: నోటరీ చేయించిన జిరాక్స్, సీసీ రెండూ ఒకటే.

ఇది ఎంతమందికి చెప్పినానో లెక్కలేదు. నోటరీ మీరు తెచ్చిన కాగితం చూసి స్టాంపు వేస్తాడు, అంతే, రిజిస్ట్రార్ ఆఫీసు వాల్యూమ్ ఆయన ముందు ఉండదు కదా. అలాగని జిరాక్స్ చించి పారేయమని కాదు. ఒరిజినల్ పోయిందనో, అవతలి పార్టీ దగ్గర ఉందనో, నోటీసు ఇచ్చినా తేవడంలేదనో ముందు కోర్టుకు చూపించి, ఈ జిరాక్స్ ఆ ఒరిజినల్‌కే తీసిందని చెప్పగలిగితే అప్పుడు దానికి దారి ఉంది. ఆ పునాది వేయకుండా "పోయింది సార్" అని ఒక్క ముక్క అఫిడవిట్‌లో రాసి ఐఏ (దావా మధ్యలో వేసే పిటిషన్) వేస్తే కొట్టేస్తారు. పాత ఎవిడెన్స్ యాక్ట్‌లో ఇది సెక్షన్ 65, 2024 జూలై 1 నుంచి వచ్చిన భారతీయ సాక్ష్య అధినియమంలో సెక్షన్ 60. అప్పటికే నడుస్తున్న దావాలకు పాత చట్టమే, పిటిషన్‌లో సెక్షన్ రాసేటప్పుడు జూనియర్లు ఇక్కడే తడబడతారు.

అపోహ: సీసీకి ఎక్జిబిట్ నంబర్ (సాక్ష్యంగా కోర్టు వేసే గుర్తు నంబర్) పడింది, ఇంక ప్రూవ్ అయినట్టే.

అసలు గొడవంతా ఇక్కడే. దస్తావేజులో ఏం రాసుందో సీసీ చెప్తుంది, కింద సంతకం పెట్టింది ఎవరో చెప్పదు. అవతలివాడు "మా నాయన ఆ సంతకం పెట్టలేదు" అన్నాడంటే, సంతకం పెట్టినప్పుడు చూసినవాళ్లనో, లేఖరినో, సాక్షినో బోనెక్కించాల్సిందే. ప్రాక్టీసు మొదలుపెట్టిన కొత్తలో కోడుమూరు వైపు పెద్దాయన ఒకాయన చేను కేసులో నేనే ఈ తప్పు చేసినా. సీసీని ఏ1గా మార్క్ చేయించి నిశ్చింతగా కూర్చున్నా, వాదనలప్పుడు జడ్జి గారు "ఎగ్జిక్యూషన్‌కు మీ సాక్షి ఎవరండీ" అని, అంటే దస్తావేజు రాసి సంతకం పెట్టినారనడానికి సాక్షి ఎవరని, అడిగితే నోరు పెగల్లేదు. కేసు రీఓపెన్ చేయించుకుని, రిజిస్ట్రార్ ఆఫీసు నుంచి వేలిముద్రల రిజిస్టర్ తెప్పించమని పిటిషన్ వేసినాం. సీసీలో వేలిముద్ర ఉండదు, ఎక్స్‌పర్ట్‌కు పంపడానికి ఏమీ ఉండదు, పోల్చాలంటే ఆ రిజిస్టరే కావాలి.

మీరు ప్రతివాది వైపు ఉంటే కూడా జాగ్రత్త. జిరాక్సో, సరైన పునాదిలేని నకలో మార్క్ చేస్తుంటే అప్పుడే లేచి అబ్జెక్షన్ చెప్పాలి. రుజువు చేసే పద్ధతి మీద అభ్యంతరం అప్పుడు చెప్పకుండా అప్పీల్లో లేపితే కుదరదని 2003లో వెంకటాచల గౌండర్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

అపోహ: ముప్పై ఏళ్లు దాటిన దస్తావేజు కాబట్టి సాక్షి అక్కర్లేదు.

ఆ వెసులుబాటు ఒరిజినల్‌కే, అదీ ఉండాల్సిన చోటు నుంచి వస్తేనే. 1965 దస్తావేజుకు నిన్న తీసిన సీసీ పట్టుకొచ్చి ముప్పై ఏళ్లు దాటింది అంటే నడవదు.

వీలునామా సంగతి ఇంకా గట్టిది, రిజిస్టర్ అయినా సరే, సాక్షి సంతకం చేసినవాళ్లలో ఒకరు బతికుంటే కోర్టుకు వచ్చి చెప్పాల్సిందే. పైగా వీలునామా బుక్ 3 లో ఉంటుంది, రాసినాయన బతికుండగా బయటివాళ్లకు నకలు ఇవ్వరు. క్రయం, దానం లాంటి బుక్ 1 దస్తావేజులకైతే ఫీజు కడితే ఎవరైనా తీసుకోవచ్చు, ఓనరే పోవాలని లేదు.

ఇంకో మాట, ఈసీ తెచ్చి "ఇదిగో సార్ డాక్యుమెంట్" అంటారు. ఈసీ (ఎన్‌కంబ్రెన్స్ సర్టిఫికెట్) అంటే ఆ ఆస్తి మీద జరిగిన లావాదేవీల పట్టిక, దస్తావేజు కాదు. తక్కువ స్టాంపు మీద రాసుకున్న పత్రానికి నకలు పెట్టి ఇప్పుడు పెనాల్టీ కడతాం అన్నా కుదరదు, ఆ విషయం 1971లో మన ఆంధ్రా నుంచి పోయిన జూపూడి కేశవరావు కేసులోనే తేలిపోయింది.

సీసీ చేతికొచ్చినాక ముందు సర్వే నంబర్లు, చెక్కుబందీ (నాలుగు దిక్కుల హద్దులు) ఈసీతోనూ, అంతకుముందు యజమానుల లింక్ డాక్యుమెంట్లతోనూ సరిచూసుకోండి, పాత వాల్యూముల్లో చేత్తో ఎత్తిరాసినప్పుడు 218 కాస్తా 213 అయ్యుండొచ్చు. తర్వాత వెనక ఎండార్స్‌మెంట్ పేజీలు ఉన్నాయో లేదో చూడండి, చాలామంది వాటిని చదవనే చదవరు. ఎవరు హాజరుపరిచినారు, ఎవరు గుర్తించినారు అన్నీ అక్కడే ఉంటాయి. కోడుమూరు పెద్దాయన కేసులో గుర్తించిన సాక్షి ఒకాయన ఇంకా బతికే ఉన్నాడని మాకు తెలిసింది ఆ పేజీ తిరగేసినాకే, నేనది ఏడాది ముందే చదివుంటే రీఓపెన్ పిటిషనే అక్కర్లేకపోయేది.